బ్లాక్‌లిస్ట్ నోటీసు వచ్చిందా? సర్కారు టెండర్ల సప్లయర్లు సంజాయిషీ నుంచి హైకోర్టు దాకా చేయాల్సిన పనులు

నోటీసు కవరు చింపే ముందు దాని మీదున్న పోస్టాఫీసు ముద్రను ఫోన్‌తో ఫొటో తీసి పెట్టుకోండి. లేఖ మీద 3వ తేదీ ఉంటుంది, డిస్పాచ్ అయ్యేది 9న, మీ గడప తొక్కేది 12న. సంజాయిషీకి గడువు ‘ఈ నోటీసు తేదీ నుంచి 7 రోజులు’ అని ఉంటే కవరు చేతికొచ్చేసరికే గడువు అయిపోయినట్టు. ‘అవకాశం ఇచ్చాం, వాడుకోలేదు’ అని డిపార్ట్‌మెంటు రేపు హైకోర్టులో కౌంటర్ (జవాబు అఫిడవిట్) వేస్తే దానికి జవాబు ఆ ముద్రే. నోటీసు ఈమెయిల్‌లో వస్తే తేదీ, సమయం కనబడేలా ప్రింటు తీయండి. పోర్టల్‌లో పడితే స్క్రీన్‌షాట్ తీయండి.

ఇంత చిన్న విషయంతో మొదలుపెట్టడానికి కారణం ఉంది. బ్లాక్‌లిస్టింగ్ (సర్కారు టెండర్ల నుంచి నిషేధించడం) కేసుల్లో మీ సరుకు మంచిదా చెడ్డదా అన్నది హైకోర్టు సాధారణంగా తేల్చదు. మిమ్మల్ని జాబితాలోకి ఎక్కించిన పద్ధతి సరిగ్గా ఉందా, వేసిన శిక్ష తప్పుకు తగ్గట్టుందా అని చూస్తుంది. ఆ రెండింటికీ కావలసిన కాగితాలు తయారయ్యేది సంజాయిషీ రోజుల్లోనే. ఉత్తర్వు వచ్చాక లాయరు దగ్గరికి పరుగెత్తేవాళ్ళు ఎక్కువ, నోటీసు రాగానే వెళ్ళేవాళ్ళు తక్కువ. రెండోవాళ్ళ కేసే గట్టిగా ఉంటుంది.

నోటీసులో ఏం చూడాలి

మొదట వెతకాల్సినవి ‘బ్లాక్‌లిస్ట్’, ‘డిబార్’ అన్న మాటలు, రెండూ నిషేధమే. చాలా నోటీసులు ఇలా ముగుస్తాయి: ‘పై లోపాలకు గాను టెండర్ షరతుల ప్రకారం మీపై తగిన చర్య ఎందుకు తీసుకోరాదో 7 రోజుల్లోగా సంజాయిషీ ఇవ్వగలరు.’ తగిన చర్య అంటే ఏది? ఈఎండీ (టెండర్‌తో పాటు కట్టిన ధరావతు) జప్తా, ఆర్డర్ రద్దా, పెనాల్టీయా, మూడేళ్ళ నిషేధమా? ఇలాంటి నోటీసు మీద ఆధారపడి బ్లాక్‌లిస్ట్ చేస్తే అది నిలవదని సుప్రీంకోర్టు 2014లో గోర్ఖా సెక్యూరిటీ సర్వీసెస్ కేసులో తేల్చింది. ఆరోపణలతో పాటు ప్రతిపాదిస్తున్న శిక్ష కూడా నోటీసులో ఉండాలి, లేదా నోటీసు చదివితే ఆ ఉద్దేశం స్పష్టంగా తెలియాలి. ‘టెండర్ డాక్యుమెంట్‌లో బ్లాక్‌లిస్ట్ క్లాజు ఉందిగా, అది తెలియదా’ అన్న వాదన 2020లో యూఎంసీ టెక్నాలజీస్ కేసులో భారత ఆహార సంస్థను ఆదుకోలేదు. క్లాజు ఉంటే చాలదు, నోటీసులో చెప్పాలి అంది కోర్టు. ఇది కొత్త సంగతేమీ కాదు. 1978లోనే జోసెఫ్ విలంగండన్ కేసులో, ‘మిమ్మల్ని డిఫాల్టర్‌గా డిబార్ చేసి మీ రిస్కు మీద వేరేవాళ్ళతో పని చేయించుకుంటాం’ అన్న నోటీసు ఆ ఒక్క పనికే వర్తిస్తుందనీ, అన్ని పనుల నుంచీ వెలివేయడానికి పనికిరాదనీ తీర్పు వచ్చింది.

మరి ఈ లోపాన్ని జవాబులో ఎత్తిచూపాలా? ఇక్కడే చాలామంది తికమకపడతారు. ఎత్తిచూపితే వాళ్ళు నోటీసు సరిదిద్ది మళ్ళీ పంపుతారు. పూర్తిగా మౌనంగా ఉంటే, ‘బ్లాక్‌లిస్ట్ గురించేనని సప్లయర్‌కు తెలుసు, అందుకే జవాబిచ్చాడు’ అంటారు. మధ్యేమార్గం ఒక్క వాక్యం: ‘ఈ నోటీసులో బ్లాక్‌లిస్ట్ లేదా డిబార్ ప్రతిపాదన లేదని అర్థం చేసుకుని ఈ సంజాయిషీ ఇస్తున్నాము, అటువంటి ప్రతిపాదన ఉంటే ప్రత్యేక నోటీసు, మా వాదన వినిపించే అవకాశం కోరుతున్నాము.’ పాఠం చెప్పినట్టూ ఉండదు, హక్కు వదులుకున్నట్టూ ఉండదు.

తర్వాత సంతకం చూడండి. బ్లాక్‌లిస్ట్ చేసే అధికారం ఎవరిదో టెండర్ షరతుల్లోనో రిజిస్ట్రేషన్ నిబంధనల్లోనో ఉంటుంది. ఆ అధికారం చీఫ్ ఇంజనీర్‌దైతే ఈఈ (ఎగ్జిక్యూటివ్ ఇంజనీర్) నోటీసు ఇవ్వడం తప్పు కాకపోవచ్చు, ఉత్తర్వు మాత్రం చీఫ్ ఇంజనీర్ సొంతంగా ఆలోచించి ఇవ్వాలి. ‘విజిలెన్స్ నివేదిక సిఫారసు మేరకు’ అని ఒక్క లైనుతో ముగించిన ఉత్తర్వు ఇక్కడే దొరుకుతుంది. కేంద్ర మంత్రిత్వ శాఖల్లో ఈ పని చేసేది కార్యదర్శి, లేదా ఆయన నామినేట్ చేసిన జాయింట్ సెక్రటరీ, అడిషనల్ సెక్రటరీ స్థాయి అధికారి.

సంజాయిషీ: రెండు ఉత్తరాలు

మొదటి ఉత్తరం రెండు రోజుల్లో వెళ్ళాలి. అరపేజీ చాలు. నోటీసులో ప్రస్తావించిన తనిఖీ నివేదిక, ల్యాబ్ రిపోర్టు, ఫిర్యాదు, విజిలెన్స్ నివేదిక, వీటిలో ఏవి మీకు అందలేదో ఒక్కొక్కటీ తేదీతో రాసి కాపీలు అడగండి. అవి అందాక 15 రోజులు గడువు కోరండి. స్పీడ్ పోస్టులో ఒకటి, ఈమెయిల్‌లో ఒకటి, చేత్తో ఇచ్చి ఇన్‌వార్డ్ ముద్ర వేయించుకున్నది ఒకటి, మూడు దారుల్లో పంపండి. ఇన్‌వార్డ్ సెక్షన్ వాళ్ళు ముద్ర వేయడానికి నిరాకరిస్తే స్పీడ్ పోస్టు రసీదుతో సరిపెట్టుకోండి, వాదించకండి.

కాగితాలు ఇవ్వకపోతే ఉత్తర్వు దానంతటదే చెల్లకుండా పోదు. 2001లో గ్రోసన్స్ ఫార్మాస్యూటికల్స్ కేసులో, ఆరోపణలతో షోకాజ్ ఇచ్చి సంజాయిషీ తీసుకుంటే అది చాలునని సుప్రీంకోర్టు అంది. డిపార్ట్‌మెంటు లాయర్లు ఆ తీర్పునే ముందు పెడతారు. అయితే ఏ నివేదిక మీద నిర్ణయం ఆధారపడిందో దాన్ని ఎదుటివాడికి చూపించాలని 2022లో టి. టకానో కేసులో సెబీ విషయంలో కోర్టు గట్టిగా చెప్పింది. మీరు ఆ నివేదికను పేరు పెట్టి అడిగారా, అది లేక ఏ పాయింటుకు జవాబివ్వలేకపోయారో రాశారా అన్నదే తేడా. ‘అన్ని డాక్యుమెంట్లు ఇవ్వండి’ అని గుత్తగా అడిగినవాడి మాటకు బలం ఉండదు. సమాచార హక్కు దరఖాస్తు కూడా వేయండి, నోట్ ఫైలు (అధికారులు తమ అభిప్రాయాలు రాసుకునే ఫైలు) కాపీ కోరండి. 30 రోజుల గడువు కాబట్టి సంజాయిషీకి అందకపోవచ్చు గానీ హైకోర్టులో వేసే రిట్ పిటిషన్‌కు అక్కరకొస్తుంది. నిర్ణయం ఎవరి టేబుల్ మీద జరిగిందో నోట్ ఫైల్లోనే తెలుస్తుంది.

రెండో ఉత్తరం అసలు సంజాయిషీ. గడువు పొడిగింపు కోసం ఎదురుచూడకుండా మొదటి గడువులోపే ఇవ్వండి. కాగితాలు వచ్చాక అదనపు సంజాయిషీ ఇస్తామని చివర రాయండి. నోటీసులో పేరా 1కి పేరా 1లో జవాబు, పేరా 2కి పేరా 2లో. ప్రతి జవాబు కింద దాని రుజువు అనుబంధం నంబరు. సరుకు సప్లై అయితే పర్చేజ్ ఆర్డర్, డెలివరీ చలాన్లు, స్టోర్స్‌లో సరుకు తీసుకున్న రసీదు, ప్రీ డిస్పాచ్ తనిఖీ పత్రం, బ్యాచ్ టెస్ట్ సర్టిఫికెట్. పని కాంట్రాక్టు అయితే ఎం బుక్ (పని కొలతల పుస్తకం) ఎంట్రీలు, సైటు అప్పగించిన తేదీ, డ్రాయింగులు వచ్చిన తేదీ, ఆగిపోయిన బిల్లులు. ఆలస్యం ఆరోపణకు వాదన కంటే ఒక పట్టిక మేలు: ఎడమ వైపు మీరు రాసిన ఉత్తరం తేదీ, కుడి వైపు వాళ్ళ జవాబు తేదీ. కుడి వైపు గళ్ళు ఖాళీగా ఉంటే చదివేవాళ్ళకు ఇంకేమీ చెప్పనక్కర్లేదు.

మందుల సప్లయర్లు ఒకటి మరిచిపోకూడదు. శాంపిల్ ‘నాట్ ఆఫ్ స్టాండర్డ్ క్వాలిటీ’ అని గవర్నమెంట్ అనలిస్ట్ రిపోర్టు వస్తే, దాన్ని సాక్ష్యంతో సవాలు చేస్తామని రిపోర్టు కాపీ అందిన 28 రోజుల్లో రాతపూర్వకంగా తెలపాలి. డ్రగ్స్ అండ్ కాస్మెటిక్స్ చట్టం సెక్షన్ 25 చెప్పే గడువు ఇది. దాటిందంటే ఆ రిపోర్టు తిరుగులేని సాక్ష్యమైపోతుంది. టెండర్ సంజాయిషీ గొడవలో పడి డ్రగ్స్ ఇన్‌స్పెక్టర్‌కు రాయాల్సిన ఈ ఉత్తరం మరిచిపోతే తర్వాత ఎంత పెద్ద లాయరును పెట్టినా ఆ తలుపు తెరుచుకోదు. మీ దగ్గరున్న కంట్రోల్ శాంపిల్‌ను (అదే బ్యాచ్ నుంచి దాచి ఉంచిన నమూనాను), అదే బ్యాచ్ నిల్వ ఉష్ణోగ్రత రికార్డులను అప్పుడే భద్రపరచండి. సరుకు చెడింది మీ దగ్గరా, వాళ్ళ గోడౌన్లోనా అన్న ప్రశ్న తప్పకుండా వస్తుంది.

చేయకూడనివి మూడున్నాయి. ‘ఈసారికి క్షమించండి, ఇకపై జరగదు’ అని లెటర్‌హెడ్ మీద రాసివ్వడం మొదటిది. సెక్షన్లో ఎవరో ‘ఇలా రాసిస్తే ఫైలు మూసేస్తాం’ అంటారు, ఆ కాగితమే నేరం ఒప్పుకున్నట్టు ఉత్తర్వు మొదటి పేరాలో కనిపిస్తుంది. రుజువు లేకుండా అధికారి లంచం అడిగాడని రాయడం రెండోది. అసలు జవాబే ఇవ్వకపోవడం మూడోది, అన్నిటికంటే చెడ్డది.

శిక్ష తగ్గించమని అడగడం తప్పు ఒప్పుకోవడం కాదు, రాసే తీరు తెలిస్తే. ‘పై వాదనలకు భంగం లేకుండా, ఒకవేళ లోపం ఉందని భావించినా’ అని మొదలుపెట్టి, ఇన్నేళ్ళలో ఇదే మొదటి ఫిర్యాదనో, సరుకు మార్చి ఇచ్చామనో, ప్రభుత్వానికి నష్టం రాలేదనో విడి పేరాలో రాయండి. రేపు శిక్ష అతిగా ఉందని కోర్టులో వాదించాలంటే ఈ అంశాలు అధికారి ముందు పెట్టి ఉండాలి. చివరి పేరాలో వినికిడి, అంటే అధికారి ముందు వాదన చెప్పుకునే అవకాశం కోరండి. వ్యక్తిగత వినికిడి ప్రతి కేసులోనూ హక్కు కాదు గానీ, అడిగి ఉంటే నిరాకరణ రికార్డులోకి ఎక్కుతుంది. వినికిడి జరిగితే ఆ సాయంత్రమే ‘ఈరోజు మేము చెప్పినవి ఇవి, ఇచ్చిన కాగితాలు ఇవి’ అని ఈమెయిల్ పంపండి. ఆఫీసులో మినిట్స్ రాస్తారని నమ్ముకోకండి.

నోటీసు దశలోనే రిట్ వేయొచ్చా? మామూలుగా వద్దు. ‘సంజాయిషీ ఇచ్చుకోండి’ అని కోర్టు తిప్పి పంపుతుంది, కొన్ని వారాలు పోతాయి. పైకి నోటీసులా ఉన్నా లోపల నిర్ణయం అయిపోయినట్టు రాసి ఉన్నప్పుడు, జారీచేసినవాళ్ళకు అధికారమే లేనప్పుడు దారి ఉంటుంది. 2025లో ఛత్తీస్‌గఢ్ పాఠ్యపుస్తకాల సంస్థకు సంబంధించిన టెక్నో ప్రింట్స్ కేసులో సుప్రీంకోర్టు నోటీసునే కొట్టేసింది. అది మినహాయింపు, అందరికీ పనిచేసే మందు కాదు.

ఉత్తర్వు వచ్చాక

ఉత్తర్వులో మూడు సంగతులు పెన్సిల్‌తో గీయండి: కారణం, కాలం, పరిధి. మీరు లేవనెత్తిన పాయింట్లు పేర్కొని, ‘సంజాయిషీ సంతృప్తికరంగా లేదు’ అని ఒక్క ముక్కతో కొట్టేస్తే అది కారణం కాదు. కౌంటర్‌లో కొత్త కారణాలు అతికించడానికీ వీల్లేదు. ఉత్తర్వు అందులో రాసిన కారణాలతోనే నిలవాలని మొహిందర్ సింగ్ గిల్ తీర్పు 1977 నుంచీ చెబుతోంది.

కాలం రాయకపోతే, లేదా శాశ్వతమని రాస్తే, మీకు మంచి పట్టు దొరికినట్టే. బీఎస్ఎన్ఎల్ నుంచి మోసపూరిత బిల్లులతో అదనపు సొమ్ము తీసుకున్న ఆరోపణ ఉన్న కుల్జా ఇండస్ట్రీస్ విషయంలో కూడా శాశ్వత నిషేధం చెల్లదని, కాలం నిర్ణయించమని సుప్రీంకోర్టు 2013లో వెనక్కి పంపింది. భువనేశ్వర్‌లో కట్టుబడిలో ఉన్న ఫ్లైఓవర్ కూలి మనిషి చనిపోయిన పాండా ఇన్‌ఫ్రా కేసులో, 2022లో బ్లాక్‌లిస్టింగ్‌ను సమర్థిస్తూనే దాన్ని 5 ఏళ్ళకు తగ్గించింది. ఈ రెండూ కలిపి చదివితే కోర్టు తూకం తెలుస్తుంది: తప్పు ఘోరమైతే 5 ఏళ్ళూ నిలుస్తాయి, ఎంత ఘోరమైనా జీవితకాలం నిలవదు. ఇక తప్పు మామూలు కాంట్రాక్టు వివాదమైతే? కోల్‌కతా నగరపాలక సంస్థ హోర్డింగుల ఏజెన్సీకి వేసిన 5 ఏళ్ళ నిషేధం 2024లో బ్లూ డ్రీమ్జ్ కేసులో ఎగిరిపోయింది. ఇరుపక్షాలకూ నిజమైన వాదన ఉన్న వివాదాన్ని బ్లాక్‌లిస్ట్ ఆయుధంతో తేల్చకూడదన్నది దాని సారం.

‘టెండర్‌లో బ్లాక్‌లిస్ట్ క్లాజే లేదు కాబట్టి చెల్లదు’ అన్న వాదన మీద మాత్రం డబ్బు పెట్టకండి. కాంట్రాక్టు ఇవ్వడం మానడం ప్రభుత్వ సహజాధికారమే అని 2012లో పటేల్ ఇంజనీరింగ్ కేసులో తేలింది. బిడ్ గెలిచి వెనక్కి తగ్గిన ఆ కంపెనీకి జాతీయ రహదారుల సంస్థ వేసిన ఏడాది నిషేధం నిలిచింది. ఆ అధికారాన్ని వాడిన తీరే మీ లక్ష్యం కావాలి.

కేంద్ర కొనుగోళ్ళలో లెక్క కొంత సులువు. 2017 జనరల్ ఫైనాన్షియల్ రూల్స్‌లో 151వ రూల్ ప్రకారం సమగ్రతా నియమావళి (టెండర్లలో నిజాయితీ నియమాల) ఉల్లంఘనకు గరిష్ఠంగా 2 ఏళ్ళు, అవినీతి నిరోధక చట్టం వంటి వాటి కింద శిక్ష పడితే 3 ఏళ్ళు. 2021 నవంబర్ 2న ఆర్థిక శాఖ ఇచ్చిన మార్గదర్శకాలు ‘బ్లాక్‌లిస్టింగ్’, ‘బ్యానింగ్’ అన్నా డిబారే అని ఒకే గాటన కట్టాయి. డిబార్‌కు ముందు కుదిరిన కాంట్రాక్టులకు దెబ్బ తగలదని కూడా అందులోనే ఉంది. నడుస్తున్న ఆర్డర్ ఆపేస్తే ఆ పేరా చూపండి. ఈ రూల్స్ రాష్ట్ర శాఖలను నేరుగా కట్టడి చేయవు. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ ఈ-ప్రొక్యూర్‌మెంట్ టెండర్లలో బోగస్ పత్రాలకు 3 ఏళ్ళ పోర్టల్ సస్పెన్షన్ షరతు మామూలు. పోలిక కోసం కేంద్ర రూల్ చూపొచ్చు గానీ అదే మా హక్కు అని రాయకండి.

రిట్ పిటిషన్

రాష్ట్ర శాఖలు, కార్పొరేషన్ల మీద రాజ్యాంగం 226వ అధికరణం కింద ఏపీ వాళ్ళు అమరావతిలో, తెలంగాణ వాళ్ళు హైదరాబాద్‌లో వేస్తారు. వేరే రాష్ట్రపు సంస్థ బ్లాక్‌లిస్ట్ చేస్తే ఇక్కడ వేయొచ్చా అన్నది వివాదానికి తలుపు తెరిచే ప్రశ్న. ఉత్తర్వు ఇక్కడ అందిందన్న ఒక్క కారణం బలహీనం. దాని వల్ల ఇక్కడి ఫలానా టెండర్‌లో అనర్హులయ్యారంటే కొంత పట్టు దొరుకుతుంది. అనుమానం ఉంటే ఉత్తర్వు ఇచ్చిన రాష్ట్రంలోనే వేయడం మేలు. అధికార పరిధి మీద వాదిస్తూ ఆరు నెలలు పోగొట్టుకోవడం కంటే రైలు టికెట్టు చవక.

నిబంధనల్లో అప్పీలు ఉంటే ముందది వేయండి, లేదా ఎందుకు వేయలేదో అఫిడవిట్‌లో రాయండి. నోటీసే ఇవ్వకపోతే, అధికారమే లేకపోతే అప్పీలు ఉన్నా రిట్ వినొచ్చని 1998 వర్ల్‌పూల్ తీర్పు. ఆర్బిట్రేషన్ క్లాజు (వివాదం మధ్యవర్తి దగ్గర తేల్చుకోవాలనే షరతు) గురించి జీపీ (ప్రభుత్వ న్యాయవాది) తప్పకుండా లేవనెత్తుతారు. అందుకే రిట్‌లో బిల్లులు, ఈఎండీ, బ్యాంక్ గ్యారంటీ కలపకూడదు. కలిపారంటే ఇది డబ్బు తగాదా అని మొత్తం ఆర్బిట్రేషన్‌కు నెట్టేస్తారు. బాకీల కోసం సూక్ష్మ, చిన్న పరిశ్రమలకు ఫెసిలిటేషన్ కౌన్సిల్ ఉంది, ఆ దారి వేరుగా నడపండి.

మన హైకోర్టుల్లో అలవాటు మాండమస్ (అధికారులకు కోర్టు ఇచ్చే ఆదేశం) రూపంలో కోరడం. ప్రార్థన ఇలా ఉంటుంది: ‘ఫలానా తేదీ, ఫలానా నంబరు ప్రొసీడింగ్స్ ద్వారా పిటిషనర్‌ను ఇన్నేళ్ళు బ్లాక్‌లిస్ట్ చేయడం చట్టవిరుద్ధం, ఏకపక్షం, సహజ న్యాయ సూత్రాలకు, 14వ అధికరణానికి విరుద్ధమని ప్రకటించి, వాటిని రద్దుచేసి, వెబ్‌సైట్ నుంచి పిటిషనర్ పేరు తొలగించమని ఆదేశించాలి.’ వెబ్‌సైట్ మాట మరిచిపోతే ఉత్తర్వు కొట్టేశాక కూడా పేరు జాబితాలో వేలాడుతుంది. కంపెనీ పౌరుడు కాదు కనుక వృత్తి స్వేచ్ఛ చెప్పే 19వ అధికరణాన్ని ఒంటరిగా పట్టుకోకూడదు. డైరెక్టర్‌ను రెండో పిటిషనర్‌గా చేర్చేది ఇందుకే. బోర్డు తీర్మానం కాపీ జతచేయండి. పోర్టల్‌లో యూజర్ ఐడీ ఆపేసి ఉంటే పోర్టల్ నడిపే శాఖను కూడా రెస్పాండెంట్‌గా (ప్రతివాదిగా) పెట్టాలి, లేకపోతే స్టే వచ్చినా లాగిన్ తెరుచుకోదు.

మెటీరియల్ పేపర్లను (పిటిషన్‌కు జతచేసే కాగితాలను) తేదీల వరుసలో పెట్టండి: టెండర్ నోటిఫికేషన్, ఆర్డర్, షోకాజ్, దాని కవరు, రెండు ఉత్తరాలు, రసీదులు, ఉత్తర్వు. తెలుగు కాగితాలకు ఇంగ్లిష్ అనువాదం ఉండాలి.

స్టే ఐఏ (స్టే కోరే మధ్యంతర దరఖాస్తు) మీద జడ్జి మొదట అడిగేది: ఉత్తర్వు ఎప్పుడు అందింది, ఇంత ఆలస్యం ఎందుకు, ఇప్పుడేం ముంచుకొచ్చింది? మూడో ప్రశ్నకు జవాబు కోసం మీరు వేయబోయే టెండర్ నంబరు, బిడ్ గడువు తేదీ, సమయం రాయండి. ‘వ్యాపారం నాశనమవుతోంది’ అంటే సరిపోదు. బిడ్ సాయంత్రం 5కి ముగుస్తుందనగా ఆ మధ్యాహ్నం లంచ్ మోషన్ (అదే రోజు అత్యవసరంగా వినమనడం) అడిగితే, ఇన్నాళ్ళు ఏం చేశారనే మాట వినాల్సి వస్తుంది. కనీసం వారం ముందు ఫైల్ చేసి జీపీకి కాపీ ఇవ్వండి. పూర్తి స్టే రాకపోతే, తుది తీర్పుకు లోబడి బిడ్ వేసుకోనివ్వమని ప్రత్యామ్నాయంగా అడగండి. చాలాసార్లు దక్కేది అదే. సింగిల్ జడ్జి కొట్టేస్తే రిట్ అప్పీలుకు 30 రోజులు.

ఆలస్యం గురించి ఒక మాట. పశువుల మందుల సంస్థ వెట్‌ఇండియా కేసులో 2009 నాటి యూపీ ఉత్తర్వును దాదాపు పదేళ్ళ తర్వాత సవాలు చేస్తే హైకోర్టు ఆలస్యమని కొట్టేసింది, 2020లో సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వును రద్దుచేసింది. నోటీసులో బ్లాక్‌లిస్ట్ ప్రస్తావన లేదు, ఉత్తర్వుకు కాలపరిమితి లేదు. అంత పెద్ద లోపాలు ఉంటే ఆలస్యాన్ని మన్నించారు గానీ, ఆ ధైర్యంతో కూర్చోకండి.

స్టే వచ్చాక, తీర్పు వచ్చాక

స్టే అంటే ఉత్తర్వు అమలు ఆగింది, మాసిపోలేదు. తర్వాతి టెండర్‌లో ‘ఎన్నడూ బ్లాక్‌లిస్ట్ కాలేదు’ అని అఫిడవిట్ అడిగితే ఆ గడిలో టిక్కు పెట్టకండి. ‘ఫలానా ఉత్తర్వు ఉంది, ఫలానా డబ్ల్యూపీలో (రిట్ పిటిషన్‌లో) ఫలానా తేదీన సస్పెండ్ అయింది’ అని రాసి కోర్టు ఉత్తర్వు జతచేయండి. దాచినందుకు వచ్చే రెండో బ్లాక్‌లిస్ట్‌ను ఏ కోర్టూ జాలితో చూడదు. ప్రశ్న ఏం అడిగిందో అక్షరం అక్షరం చదవండి. గత 3 ఏళ్ళు అని ఉందా, ప్రస్తుతం అని ఉందా, ఏ శాఖ అని ఉందా అన్నదాన్ని బట్టి జవాబు మారుతుంది.

పద్ధతి లోపంతో గెలిస్తే, సరైన నోటీసుతో మళ్ళీ మొదలుపెట్టే స్వేచ్ఛ డిపార్ట్‌మెంటుకు ఇస్తూ తీర్పు రావడం మామూలు. అంటే రెండో రౌండు ఉంటుంది. అందుకే తీర్పులోనే రెండు అడగండి: ఇప్పటికే అనుభవించిన కాలాన్ని కొత్త కాలంలో లెక్కించాలి, ఉత్తర్వు కాపీ పంపిన ప్రతి శాఖకూ రద్దు సంగతి తెలపాలి. సర్టిఫైడ్ కాపీలు నాలుగైదు తీసుకుని, ఉత్తర్వు కింద ‘కాపీ టు’ జాబితాలో ఉన్న ప్రతి ఆఫీసుకూ మీరే పంపండి. వాళ్ళు పంపుతారని ఆగితే తర్వాతి టెక్నికల్ బిడ్‌లో పాత లేఖే ఎవరి ఫైల్లోంచో బయటికొస్తుంది.

మధ్యలో బావమరిది పేరుతోనో భార్య పేరుతోనో కొత్త ఫర్మ్ పెట్టి బిడ్ వేయమని సలహా ఇచ్చేవాళ్ళుంటారు. కేంద్ర మార్గదర్శకాల ప్రకారం డిబార్ అనుబంధ సంస్థలకూ దానంతటదే పాకుతుంది, జాయింట్ వెంచర్ డిబార్ అయితే భాగస్వాములంతా అయినట్టే. అదే చిరునామా, అదే ఫోన్ నంబరు, అదే బ్యాంకు నుంచి ఈఎండీ వెళ్ళిందంటే పట్టుకోవడానికి విజిలెన్స్ కూడా అక్కర్లేదు, ఎల్2 బిడ్డరే (ధరలో రెండో స్థానంలో ఉన్నవాడే) పట్టిస్తాడు.